రూపాయి తాగే మిషను

బీడీలు చుట్టే చేతికి ఒక పాడు అలవాటు ఉంటుంది. ఏదైనా తక్కువ పడితే ఎవరి వల్ల తక్కువ పడిందని అడగదు. తన దగ్గర నుంచి తీసి పూడ్చేస్తుంది. ఇళ్లకు బీడీ పని పంచే టేకేదారు వెయ్యి బీడీలకని తూకం వేసి ఇచ్చే తునికాకు ఏనాడూ వెయ్యికి సరిపోదు. ఎనిమిది వందలు చుట్టేసరికి చాటలో ఆకు అయిపోతుంది. మిగతా ఆకు బజారులో సొంత పైసలు పెట్టి కొనుక్కొచ్చి, వెయ్యి పూర్తి చేసి, కట్టలు కట్టి అప్పజెప్పాలి. ఆకు ఎందుకు తక్కువిచ్చావని అడిగితే, అందరికీ సరిపోయింది నీకే ఎందుకు సరిపోలేదు, నీ కత్తెరే మంచిది కాదు అంటాడు. అలా అనిపించుకున్న ఆడవాళ్లు అడగడం మానేసి చాలా ఏళ్లయింది. ఆర్మూర్‌లో పెర్కిట్ రోడ్డు పక్క గల్లీలో ఉండే వినోద కూడా పెళ్లి కాకముందు నుంచీ ఇలాగే పూడుస్తూ వచ్చింది. ఆకును పూడ్చినట్టే నీళ్లనూ పూడ్చింది. ఇంత గొడవ అందుకే జరిగింది.

గల్లీ దాటి రోడ్డెక్కితే, పసుపు బస్తాల లారీలు మలుపు తిరిగే చోట నీలిరంగు నీళ్ల మిషను ఉంది. హైదరాబాద్ కంపెనీ ఏదో తెచ్చి పెట్టింది. దాని నుదుటి మీద ‘20 లీటర్లు 5 రూపాయలు’ అని బస్సులో పోయేవాళ్లకు కూడా కనిపించేంత పెద్ద అక్షరాలతో రాశారు. అయిదు రూపాయల బిళ్ల వేసినా నీళ్లొస్తాయి, కార్డు ఆనించినా వస్తాయి. బిళ్లలు ఎవరి దగ్గరుంటాయి? కిరాణా దుకాణంలో చిల్లర అడిగితే చాక్లెట్ చేతిలో పెట్టే రోజులాయె. అందుకని అందరివీ కార్డులే. కార్డులో ఎంత మిగిలిందో చూపించాల్సిన చిన్న అద్దం మాత్రం రెండు ఎండాకాలాలకే మాడి నల్లబడిపోయింది. దాన్ని బాగుచేయాలని కంపెనీకి తోచలేదు. ఎందుకు తోచలేదో తరువాత తెలిసింది.

కార్డు కావాలంటే నూటయాభై రూపాయలు డిపాజిట్ కట్టాలి. గల్లీలో అయిదిళ్ల ఆడవాళ్లు కూడబలుక్కొని ఒకే కార్డు తీసుకున్నారు. గల్లీ మొదట్లో ఇల్లు వినోదది కాబట్టి కార్డు ఆమె వాకిట్లో మేకుకు వేలాడుతుంది. దాని పక్కనే అయిదు రంగుల బీడీ దారాలు, ఇంటికొకటి. క్యాన్ నింపుకొచ్చి కార్డు మేకుకు తగిలించి, తమ దారానికి ఒక ముడి వేయాలి. రాయడం రానివాళ్లకు కూడా ముడి వేయడం వచ్చు. మూడు వందలు పెట్టి కార్డు రీచార్జి చేయించేది వినోద. కార్డు అయిపోగానే ముళ్లు లెక్కపెట్టి, ముడికి అయిదు రూపాయల చొప్పున వసూలు చేసుకొని, పాత దారాలు డబ్బాలో వేసి కొత్తవి కట్టేది. పాతవి పారేయడానికి ఆమెకు చెయ్యి రాదు. టేకేదారుతో వ్యవహారం చేసేవాళ్లెవరూ దేన్నీ అంత తొందరగా పారేయరు.

మూడు వందలకు అరవై క్యాన్లు రావాలి, అరవై ముళ్లుండాలి. ఎప్పుడు లెక్కపెట్టినా యాభై దగ్గరే ఆగేవి. మొదటిసారి వినోద తన లెక్కనే అనుమానించింది. ఇరవై అయిదు బీడీల కట్టలో ఒకటి తక్కువైతే కళ్లు మూసుకొని చెప్పగల మనిషి, ముళ్లు లెక్కపెట్టలేకపోతుందా? రెండోసారి పిల్లలెవరో మరిచిపోయి ఉంటారనుకుంది. అయిదిళ్లలోనూ అడిగి చూసింది. అందరూ శ్రీవైష్ణవులే, బుట్టలో చేపలన్నీ మాయం. ఇంకేం చేస్తుంది, ఆకు కొన్నట్టుగానే తక్కువ పడ్డ యాభై రూపాయలు తన పైసల్లోంచి పెట్టుకుంది. ఆ తరువాత ప్రతిసారీ పెట్టుకుంది.

ప్రతిసారీ పదే ఎందుకు తక్కువవుతాయి, దొంగకు ఇంత నియమమా అని ఇంకెవరికైనా అనుమానం వచ్చేది. వినోదకు రాలేదు. కార్ఖానాలో కూడా బాగాలేవని పక్కన పడేసే బీడీలు వెయ్యికి ఇన్ని అని ముందే లెక్క ఉంటుంది. ఎంత బాగా చుట్టినా అన్ని పోవాల్సిందే. కోత అంటే అలాగే ఉంటుందని ఆమె చిన్నప్పుడే నేర్చుకుంది.

ఎదురింట్లో లసుమవ్వ ఉంటుంది. డెబ్బై దాటింది. చేతివేళ్లు వంకరపోయి బీడీలు చుట్టడం మానేసింది. పింఛనుతో బతుకుతూ, పొద్దంతా గల్లీలోని పంచాయితీలన్నింటికీ తీర్పు చెబుతుంది. ఇద్దరికీ చుట్టరికం లేదు, అయినా వినోద ఆమెను అత్తా అనే పిలుస్తుంది. అసలు అత్త చేయని పనులు ఈ అత్త చేసింది మరి. వినోద కాన్పప్పుడు భర్త హన్మండ్లు మస్కట్‌లో ఉన్నాడు. నిజామాబాద్ దవాఖానలో మూడు రోజులు, కింద చాప కూడా లేకుండా, మంచం పక్కన కూర్చున్నది లసుమవ్వే. పుట్టిన బిడ్డ దీప ఇప్పుడు ఎనిమిదో తరగతి చదువుతోంది. దీపకు నానమ్మ అంటే లసుమవ్వే గుర్తుకొస్తుంది.

అలాంటి మనిషిని వినోద ఒకనాడు ఒక మాట అడిగింది. వైశాఖం ఎండలో లసుమవ్వ కార్డు తెచ్చి మేకుకు తగిలిస్తుంటే, చాట మీంచి తల ఎత్తి, మామూలుగా అడిగినట్టే అడిగింది.

“అత్తా, ముడి ఏసినవా?”

“ఏసిన్నే” అంది లసుమవ్వ.

వినోద ఊరుకోవచ్చు కదా. నిజంగానే ఏసినవా అని రెండోసారి కూడా అడిగింది. ముసలామె దారం పట్టుకొని కాసేపు నిలబడి, తన ఇంట్లోకి పోయింది.

ఆ తరువాత లసుమవ్వ దారానికి ముళ్లు తగ్గుతూ వచ్చాయి. పది ఉండేవి నాలుగయ్యాయి. తరువాత ఒకటి. ఆ తరువాత అదీ లేదు. కానీ ఆమె గుమ్మం పక్కన క్యాన్ మాత్రం ఎప్పుడు చూసినా నిండుగా, మూత పెట్టి ఉండేది. గల్లీలో కూర్చొని బీడీలు చుట్టే మనిషికి ఎదురింటి గుమ్మం కనిపించకుండా ఉండదు. తను కార్ఖానాకు కట్టలు ఇవ్వడానికి పోయినప్పుడు అత్త కార్డు తీసుకుపోతోందని, అడుగుతుందని భయపడి ముడి వేయడం లేదని వినోద తీర్మానించుకుంది. అలా తీర్మానించుకున్నందుకు ఆమెకు చాలా బాధ కలిగింది. యాభై రూపాయలు పోతే పోయాయి. నాకు నీళ్లు కావాలి, పైసలు లేవు అంటే క్యాన్ తనే నింపి మోసుకొచ్చి ఇచ్చేది కాదా? నాతో చెప్పకుండా ఎందుకు తీసుకుంటోంది? నేను పరాయిదాన్నా? లసుమవ్వ పంపిన మామిడికాయ తొక్కు గిన్నెను మూత తీయకుండానే పక్కన పెట్టింది. ఎదురుపడితే రెండు మాటలకు ఒక మాటతో సరిపెట్టింది. లసుమవ్వ కూడా వాకిట్లోకి రావడం తగ్గించింది. అది చూసి వినోద అనుమానం ఇంకా గట్టిపడింది.

ఇదంతా లోపల్లోపలే సాగిపోయేదేమో. కానీ పక్కింట్లో భాగ్యవ్వ ఉంది. భాగ్యవ్వ మనసు మంచిదే, నోరే దానికన్నా ముందు నడుస్తుంది. ఒక శుక్రవారం వినోద వసూలు చేసిన పైసలకు తన యాభై కలుపుతుంటే చూసింది. గుచ్చిగుచ్చి అడిగి విషయమంతా లాగింది. ఏడాదికి పైగా పెట్టుకుంటున్నావా అని నోరు నొక్కుకుంది. ఆ తరువాత ఎదురింటి గుమ్మం వైపు చూసింది.

“ఎవల దారం బోడిగున్నదో, ఎవల క్యాన్ నిండుగున్నదో చూసెతందుకు అందరికి కండ్లున్నయి గద” అంది. “ఐతారం అందరు ఇంటికాడనే ఉంటరు. అందరి ముందట అడుగుదాం.”

వద్దని వినోద బతిమాలింది. నీ ఇంటి పైసలు ఒకరి నోట్లోకి పోతుంటే ఊరుకోవడం ధర్మం కాదని భాగ్యవ్వ పట్టుబట్టింది. ఆదివారం పొద్దెక్కే దాకా ఆగుతాననడమే ఆమె చేసిన ఉపకారం.

డెబ్బై ఏళ్ల మనిషిని నలుగురిలో నిలబెట్టి నీళ్ల దొంగవని అడగడం వినోద ఊహించుకోలేకపోయింది. ఆ తరువాత ఆ ముఖం చూస్తూ ఈ గల్లీలో బతకడం అంతకన్నా ఊహించుకోలేకపోయింది. ఒకవేళ మన అనుమానమే తప్పయితే? కార్ఖానాలో లెక్క తేడా వచ్చినప్పుడు ఆడవాళ్లు చేసే పని ఒకటుంది. కట్టలన్నీ కుప్పగా ఇవ్వకుండా, ఒక్కొక్కటే లెక్కపెట్టి, తమ చెయ్యి దాటకుండా అప్పజెబుతారు. అప్పుడు తక్కువైందంటే తప్పు ఎవరిదో తెలిసిపోతుంది. వినోదకు అదే తోచింది. కార్డులో పాత పైసలు శుక్రవారానికే అయిపోయాయి, కొత్తవి వేయించకుండా ఆపింది. ఆదివారం పొద్దున్నే ముప్పై రూపాయలు మాత్రం వేయించి, కార్డు ఎవరి చేతికీ ఇవ్వకుండా, ఆరు క్యాన్లు తనే నింపి చూడాలి. ఆరూ నిండితే కార్డులో తప్పేమీ లేదు, గల్లీలో ఎవరి చెయ్యో మంచిది కాదు. ఆ చెయ్యి ఎవరిదో ఆమె ఇంక తెలుసుకోనక్కర్లేదు.

ఆదివారం పొద్దున రోడ్డు మీద అరటిపండ్లు అమ్మే నడిపయ్య తోపుడుబండి అడిగి తెచ్చుకుంది. అందరికీ నేనే నీళ్లు తెస్తానని చెప్పి ఇంటింటికీ తిరిగి క్యాన్లు ఎక్కించింది. లసుమవ్వ మాత్రం తన క్యాన్ నిండుగానే ఉందని, వద్దని, ముఖం చూడకుండా చెప్పింది. ఆ మాట ముల్లు దిగినట్టు గుచ్చుకుంది. మిగతా ఇళ్ల నుంచే ఆరు క్యాన్లు సర్దుకొని బండి తోసుకుంటూ పోయింది.

మిషను దగ్గర దేవరాజు ఉంటాడు. రీచార్జిలు చేయడం, చుట్టూ ఊడ్వడం, లైనులో కొట్లాటలు ఆపడం అతని పని. ముప్పై రూపాయలకు రీచార్జి ఏమిటక్కా అని విసుక్కున్నాడు. అయినా చేశాడు. వెనక నలుగురైదుగురు క్యాన్లతో నిలబడి ఉన్నారు.

వినోద మొదటి క్యాన్ పెట్టి కార్డు ఆనించింది. నిండింది. రెండోది నిండింది. మూడోది కూడా నిండింది. ఇంతవరకూ లెక్క సరిగ్గానే ఉంది. సరిగ్గా ఉన్నకొద్దీ అత్త దొంగ అవుతోంది. నాలుగోది నిండింది. అయిదోది పెట్టి, దేవుడా తక్కువ రావాలి, తక్కువ రావాలి అని మొక్కుకుంది. సొంత పైసలు పోవాలని మొక్కుకున్న మనిషి ఆర్మూర్‌లో ఆమె ఒక్కతే అయి ఉంటుంది. అయిదోది కూడా అంచు దాకా నిండింది. వినోద దాన్ని దించి ఆరో క్యాన్ పెట్టింది. కార్డు ఆనించింది.

మిషను కుయ్‌మని ఎర్రలైటు వేసి ఊరుకుంది. మళ్లీ ఆనించింది. మళ్లీ కుయ్‌మంది.

“బ్యాలెన్స్ లేదక్కా” అన్నాడు దేవరాజు.

“ఎట్ల లేదు తమ్మీ? ముప్పై ఏస్తివి, అయిదు నింపితి. కార్డు నా చెయ్యి దాటలే.”

మిషను తప్పు చేయదని దేవరాజు అన్నాడు. వినోద బండి అంచు పట్టుకొని నవ్వడం మొదలుపెట్టింది. మోసపోయిన మనిషి అంత సంతోషంగా నవ్వడం లైనులో వాళ్లెవరూ చూసి ఉండరు. ఎండ దెబ్బ తగిలిందేమోనని ఒకామె ముఖం మీద నీళ్లు చిలకరించింది. వినోద ఆ నీళ్లనూ కళ్లలోంచి వస్తున్న నీళ్లనూ కలిపి కొంగుతో తుడుచుకుంది. గుండె మీంచి బండరాయి దించినట్టయింది. గల్లీలో దొంగ లేదు. అత్త దొంగ కాదు. ఏడాదికి పైగా అందరి చేతుల మీదా అనుమానం పడేటట్టు చేసింది ఈ ఇనుపడబ్బా ఒక్కటే.

లైనులో సంధ్య అనే అమ్మాయి ఉంది. మీసేవ కేంద్రంలో పనిచేస్తుంది. వినోద చెప్పింది విని, పర్సులో వెతికి అయిదు రూపాయల బిళ్ల తీసి మిషనులో వేసింది. ఆరో క్యాన్ అంచు దాకా నిండింది. బిళ్లకు అయిదు, కార్డుకు ఆరు. సంధ్య మిషను చుట్టూ తిరిగి, వెనకపక్క గోడకూ మిషనుకూ మధ్య తల దూర్చి, ఫోను లైటు వేసి చూసింది. అక్కడ, బల్లులు తప్ప ఎవరూ చదవలేని చోట, ఇంగ్లీషులో, చీమతలంత అక్షరాలతో ఒక కాగితం అంటించి ఉంది. కార్డు వాడిన ప్రతిసారీ ఒక రూపాయి సర్వీసు చార్జీ అని దాని అర్థం. అది తనకూ తెలియదని దేవరాజు బిడ్డ మీద ఒట్టేసి చెప్పాడు. పాపం, అతనూ అదే మిషనులో కార్డుతోనే నీళ్లు పట్టుకుంటాడు.

వినోద ఇంటికి వచ్చి, క్యాన్లు దించి, కార్డుతో నింపిన అయిదింటికి ముళ్లు కూడా వేసి, భాగ్యవ్వకు రెండు ముక్కల్లో సంగతి చెప్పింది. భాగ్యవ్వ నోరు ఆ రోజు మొదటిసారి మనసు వెనక నడిచింది. ఆ తరువాత వినోద ఒక నిండు క్యాన్ భుజానికెత్తుకొని లసుమవ్వ ఇంట్లోకి పోయింది. క్షమించమని అడగాలి. ఎక్కడ మొదలుపెట్టాలో తెలియక, దాహమవుతోందని గుమ్మం పక్కన ఉన్న క్యాన్ మూత తీసి చెంబులోకి వంపుకొని ఒక గుక్క తాగింది. నాలుక మీద ఉప్పు. బోరింగు నీళ్లు. బట్టలుతికితే సబ్బు నురగ రాని నీళ్లు.

“అత్తా, ఇవ్వెందుకు తాగుతున్నవ్?”

లసుమవ్వ గోడకు ఆనుకొని కూర్చుంది.

“ముడి ఏసినవా అని అడిగినవు గదనే. రెండు సార్లడిగినవు. నువ్వు ఊకె అడిగేదానివి కాదు” అంది. “నాకే యాది తప్పుతుందేమో అనుకున్న. నన్ను కన్న అవ్వకు గిట్లనే మొదలైంది, మా ఊరు ఆలూర్ల. ఆఖరికి నన్నే నువ్వెవల బిడ్డవే అని అడిగింది. యాది లేక ముడెయ్యక, నీ పైసలు తిన్ననేమో అని... గందుకే కార్డు ముట్టుడే బంద్ చేసిన.”

అప్పటి నుంచీ రోజూ పొద్దున లేవగానే అయిదిళ్ల పిల్లల పేర్లు వరుసగా చెప్పుకుంటోందట. ఒక పేరు ఆలస్యంగా తోచిన రోజు పొద్దంతా ఇంట్లోంచి బయటికి రాలేదట. వినోద వింటూ ఆమె పక్కనే నేల మీద కూర్చుంది. మంది ముందు అడక్కుండా కాపాడాననుకుంది కానీ, ఆ అడగడమేదో తను ఎప్పుడో అడిగేసింది. మిషను సంగతి చెప్పింది. నిన్నే అనుమానించానని కూడా, తల వంచుకొని, దాచకుండా చెప్పింది. తిడితే బాగుండుననుకుంది.

“అనుమానించకుంటె ఏం జేస్తవు? ముడి లేకపాయె, క్యాన్ నిండె” అంది లసుమవ్వ తేలిగ్గా. ఆ మాట అన్నాక ఆమె ముఖంలో వెలుగు వచ్చింది, కానీ నిలవలేదు. మిషను రూపాయి తిన్నది నిజమే కావచ్చు, దానితోపాటు తను కూడా ఒకటో రెండో మరిచిపోయి ఉండొచ్చు కదా అంది. అది తేల్చేది ఎవరు?

వినోదకు కోపం అప్పుడు వచ్చింది. తన పైసలు పోయినందుకు పొద్దున్నుంచీ రాని కోపం. తక్కువ పడ్డవి పూడ్చి ఊరుకోవడం ఆమెకు అలవాటే. కానీ అత్త తల మీద పడ్డ అనుమానాన్ని బజారులో ఆకు కొని పూడ్చలేదు కదా. ఆ సాయంత్రమే దారాల డబ్బా, రీచార్జి చిట్టీలు తీసుకొని సంధ్య ఇంటికి పోయింది.

సంధ్య గోడపక్క కాగితానికీ, ముందరి పెద్ద అక్షరాలకూ ఫోటోలు తీసింది. వినియోగదారుల హెల్ప్‌లైన్‌కు ఫోను చేసి ఫిర్యాదు రాయించింది. కంపెనీవాళ్లు మొదట చార్జీ సంగతి అంటించే ఉంచామన్నారు. కస్టమర్లు చదువుకోవాలన్నారు. ఏ కస్టమరు తల ఆ సందులో పడుతుందో చూపించమని సంధ్య రాసింది. వినోద చెప్పి రాయించిన మాట ఇంకొకటి ఉంది: మాకు పైసలతోపాటు మా కార్డు ఏ రోజు ఎన్నిసార్లు ఆనించామో ఆ లెక్క మొత్తం కావాలి. గట్టిగా అడగడం ఆమెకు అదే మొదటిసారి. ఏడు వారాలు తిప్పారు. ఈలోపు ఊళ్లో కార్డులున్న వాళ్లంతా దేవరాజు చుట్టూ మూగడం మొదలుపెట్టారు. కంపెనీ దిగివచ్చింది. చార్జీ ఎత్తేసింది. కార్డు తెచ్చిన వాళ్లకు తీసుకున్నదంతా తిరిగి ఇస్తామని, ఈసారి మిషను ముందు వైపే, తెలుగులోనే కాగితం అంటించింది.

ఫిర్యాదు చేసిన కార్డు కాబట్టి వినోద పైసలు ఇవ్వడానికి కంపెనీ మనిషి స్వయంగా గల్లీకి వచ్చాడు. పాపం కుర్రవాడు, ఆడవాళ్లందరినీ చాటలతో సహా చూసి కొంచెం బెదిరాడు. కాగితాల కట్ట తీశాడు. మొదటి రోజు నుంచి, గల్లీవాళ్లు కార్డు వాడడం మానేసిన ఆ ఆదివారం దాకా కార్డు ఆరు వందల యాభై అయిదు సార్లు ఆనించారని చదివాడు. సారికి రూపాయి చొప్పున ఆరు వందల యాభై అయిదు రూపాయలు లెక్కపెట్టి వినోద చేతిలో పెట్టాడు. వినోద వాటిని ఒళ్లో వేసుకొని, దారాల డబ్బా తీసి నేల మీద గుమ్మరించింది.

ఒక వైపు నుంచి తను, ఇంకో వైపు నుంచి భాగ్యవ్వ, వేళ్లతో తడుముతూ ముళ్లు లెక్కపెట్టారు. లసుమవ్వ గుమ్మంలో కూర్చొని చూస్తోంది. రెండు లెక్కలూ కలిపితే ఆరు వందల యాభై ఆరు.

“కలుస్తలేదా?” అంది లసుమవ్వ.

వినోద మళ్లీ లెక్కపెట్టింది. ఆరు వందల యాభై ఆరే. కార్డు ఆనించిన దానికన్నా ముళ్లు ఒకటి ఎక్కువ. తక్కువ కాదు, ఎక్కువ. అంటే ఇన్ని నెలల్లో అయిదిళ్లలో ఒక్కరు కూడా ఒక్క ముడి మరిచిపోలేదు. వినోద ఆ మాట పైకి చెప్పి, ఈ ఎక్కువది ఎక్కడినుంచి వచ్చిందో తెలియడం లేదంది.

“నాదే గది” అంది లసుమవ్వ వెంటనే. “నువ్వు ముడి ఏసినవా అని అడిగిన నాడు. ఏసిన అన్న గాని, ఏసిన్నో లేదో అని నీ ముందట్నే ఇంకోటి ఏసిన. నువ్వు సూడలే. ఆకుపచ్చ చీర కట్టుకున్నవు. దీపకు జరమొచ్చి లోపల పండుకున్నది. బుధవారం.”

అవును, ఆకుపచ్చ చీరే. దీపకు జ్వరం వచ్చిన మాటా నిజమే. కంపెనీ కుర్రవాడు దీప మందుల చిట్టీ మీది తేదీ చూసి, కాగితంలో వెతికి, ఆ రోజు బుధవారమేనని చెప్పాడు. భాగ్యవ్వ ఒక్కసారిగా నవ్వింది, ఆ వెనకే అందరూ నవ్వారు. వినోద మాత్రం నవ్వలేకపోయింది. తను అడిగిన రెండు మాటలకు ముసలామె భయపడి వేసిన ఆ ఒక్క ముడి, ఆమె ఎదురుగా, దారాల్లో ఎక్కడో ఉంది. అయినా ఆమె మనసు చాలా నెలల తరువాత తేలికపడింది. అత్త మతి చెక్కుచెదరలేదు. తమందరి మతీ కలిపినా అంత గట్టిగా ఉండదు.

లసుమవ్వ లేచి వచ్చి వినోద ముందు చెయ్యి చాపింది.

“మిషను పైసలు మిషను వాపసిచ్చింది. ఎక్కువ ముడికి నేను నీకిచ్చిన అయిదు రూపాయలు ఏవి?”

లెక్క సరిగ్గానే ఉంది. తీసుకోని నీళ్లకు ఆమె వినోదకు అయిదు రూపాయలు కట్టింది.

“అయిదు రూపాయలకు గింత అడుగుడా అత్తా?” అంది వినోద. ఆమెకు ఇప్పుడు నవ్వు వచ్చింది.

“ఎందుకడగొద్దు? యాది ఉన్నంతదాన్క అడుగుత.”

వినోద ఒళ్లోని పైసల్లోంచి అయిదు రూపాయల బిళ్ల ఏరి ఆమె చేతిలో పెట్టింది.